రెండో టేక్

ఏక్‌బాల్‌పూర్, కలకత్తా
12 జూన్ 1988

అక్కా,

కవరు మీద నా చేతిరాత చూడగానే పొయ్యిలో పెట్టకుండా ఇంతదాకా చదివావంటే అదే నాకు పదివేలు. మూడేళ్ళలో పదకొండు ఉత్తరాలు రాశాను. ఒక్కదానికీ జవాబు లేదు. తమ్ముడికి ఇంత మర్యాద ఏ అక్కా చేసి ఉండదు.

సంగతేమిటంటే, మన సినిమా 'ఏడో గ్యాంగు' కత్తిరించి అతికించడం అయిపోయింది. టాలీగంజ్‌లో మనోతోష్‌బాబు అనే పెద్దాయన ల్యాబు ఉంది. ఆయన ఎడిటింగ్ మెషిన్ ఖాళీగా ఉండి, కరెంటు కూడా ఉన్న పూటల్లో కూర్చుని ఆ పని చేశాను. ఈ ఊళ్ళో లోడ్‌షెడ్డింగ్ సంగతి నీకు చెప్పక్కర్లేదు కదా, అందుకే మూడేళ్ళు పట్టింది. ఆయన నన్ను అద్దె అడగడు. నేను గదులు ఊడ్చి, మెషిన్లకు నూనె పెడతాను. బయట నిర్మాతనని చెప్పుకుంటాను, లోపల చీపురు పడతాను.

నవ్వుకో. నేను వేయని వేషం లేదని నువ్వే అనేదానివి. డాక్‌లో పదేళ్ళు, ఓడల్లోంచి సరుకు ఎత్తే వించి నడిపాను. ఆదివారం పొద్దుటి ఆటల కోసం విశాఖ నుంచి తెలుగు సినిమా రీళ్ళు తెచ్చాను, మెయిలు బండిలో బెర్తు కింద పెట్టి, వాటి మీద కాళ్ళు చాపుకుని. యూనియన్ వాళ్ళకి సమ్మె మీద రెండు రీళ్ళ సినిమా తీసిపెడితే, ఎర్రజెండా నల్లగా పడిందని పేచీ పెట్టారు. తెలుపు నలుపు ఫిల్ములో ఎరుపు ఇంకెలా పడుతుంది? హౌరాలో వీడియో పార్లర్ పెట్టాను, అది నాలుగు నెలలు నడిచింది. ఇన్ని పనులు చేసిందీ ఈ ఒక్క సినిమా కోసమే. సరుకు దించడానికి గ్యాంగులుగా ఓడలోకి దిగే మన మనుషుల్ని వాళ్ళ మొహాలతోనే చూపించాలని.

ఇప్పుడు నీతో పని పడింది. మన కెమెరాకి శబ్దం పట్టే గుణం లేదు. బొమ్మ మూగది. పెదాలు చూసుకుంటూ తర్వాత మాటలు కలపాలి. గ్యాంగులో దొరికినవాళ్ళ చేత చెప్పించాను. దొరకనివాళ్ళవి నేనే చెప్పాను. బావ గొంతు కూడా నాదే. కాస్త దించి, మధ్యలో ఆ దగ్గు కలిపితే అచ్చం కూర్మయ్య బావే. ఇక మిగిలింది పాడె సీను ఒక్కటే. అందులో నీ ఏడుపు. మూడు నిమిషాలు. ఒక్కసారి వచ్చి వెళ్ళు అక్కా. అది లేకపోతే సినిమా లేదు.

నీ తమ్ముడు
అప్పలసూరి


కాశీబుగ్గ
3 జూలై 1988

తమ్ముడూ,

నీ ఉత్తరాలు పొయ్యిలో పెట్టలేదు. బియ్యం డబ్బాలో ఉన్నాయి. చదివాను కూడా. ఇక రాయకు అని చెప్పడానికే ఇది రాస్తున్నాను.

నీ సినిమాలో నీ బావ చచ్చిపోయాడు. చావమన్నావు, చచ్చాడు. నిజం పాడె కట్టించావు, కుండ పట్టించావు. నన్ను ఏడవమన్నావు, ఏడ్చాను. గాజులు పగలగొట్టుకోమన్నావు, పగలగొట్టుకున్నాను. పాడె వీధి చివరి దాకా వెళ్ళాక నువ్వు "మళ్ళీ" అని అరిచావు. వెళ్ళిన దారినే పాడెను వెనక్కి మోసుకొచ్చారు. నువ్వు పరిగెత్తి వెళ్ళి కొట్టులో కొత్త గాజులు తెచ్చి నీ చేత్తో నా చేతులకి తొడిగావు. మళ్ళీ పగలగొట్టుకోమన్నావు.

అది అక్టోబరు. ఫిబ్రవరిలో అతను ఓడలో బస్తా ఎత్తుతూ కూలిపోయాడు. మూడోసారి నా గాజులు ఆడవాళ్ళు పగలగొట్టారు. ఆ రోజు బంగారయ్య తాత మన గుమ్మంలో నిలబడి అందరూ వినేలా అన్నాడు. "పాడె ఎనక్కి తిప్పితే మనిసిని ఉంచుతాదేటి? ఆడి బావమరిదే తిప్పినాడు."

ఆ ఏడుపు మళ్ళీ ఏడవమని నన్ను కలకత్తా పిలుస్తున్నావు. నీకు ఏమీ అనిపించడం లేదా?

తవిటమ్మ


ఏక్‌బాల్‌పూర్
20 నవంబరు 1988

అక్కా,

ఏమీ అనిపించకపోవడం కాదు. నాలుగు నెలలు నీ ఉత్తరం జేబులో పెట్టుకుని తిరిగాను.

రెండో టేక్ ఎందుకు తీశానో నువ్వు ఎప్పుడూ అడగలేదు. మొదటిసారి నువ్వు ఏడుస్తుండగా, పాడె ఎత్తడానికి నీ వెనక నిలబడ్డ మన గ్యాంగు కుర్రాడు దేముడు సరిగ్గా కెమెరాకేసి చూసి పళ్ళికిలించాడు. చచ్చినవాణ్ణి మోసేవాడు నవ్వితే ఎవరు నమ్ముతారు? నేను కొనేది టాలీగంజ్‌లో పెద్ద సినిమాల వాళ్ళు వాడగా మిగిలిన ఫిల్ము ముక్కలు. ఆ రోజు సరిగ్గా ఇంకొక్కసారికి సరిపడా ముక్క ఉంది. అది లేకపోయినా బాగుండేది.

పాడె వెనక్కి రాకూడదని నాకు తెలీదు. ఎవరూ నమ్మలేదు గానీ నిజంగా తెలీదు. నేను ఇక్కడ పుట్టినవాణ్ణి. మనవాళ్ళ శవాలు లారీ ఎక్కి వెళ్ళడమే చూశాను. తెలిసిన పెద్దవాళ్ళంతా అక్కడే ఉన్నారు, బంగారయ్య తాతతో సహా. ఒక్కరూ ఆపలేదు. సినిమాలో ఇంకోసారి కనపడతామని తలలు దువ్వుకుని వచ్చి నిలబడ్డారు. తర్వాత తప్పు నా ఒక్కడిదే అయింది.

అయినా నాదే అనుకుంటాను. రోజూ అనుకుంటాను.

బావ పోయాక నువ్వు ఊరికి వెళ్ళిపోయావు, ఆ తర్వాత ఇక్కడ నా బతుకు ఎలా ఉందో రాయలేదు. ఇప్పుడు పెళ్ళిళ్ళకి వీడియో తీస్తున్నాను. మనవాళ్ళు పిలవరు. బిహారీలు పిలుస్తారు, టాటానగర్‌లో నా సంగతి తెలియని తెలుగువాళ్ళు పిలుస్తారు. మొన్న అమ్మవారి పండగకి కెమెరా లేకుండానే వెళ్ళాను. బంగారయ్య తాత ఎదురొచ్చి చాలా మెల్లగా చెప్పాడు. "మా గుమ్మాలకి రాకు బాబూ. నీ మీద కోపం కాదు, బయం." తిట్టినా బాగుండేది.

సరే, నువ్వు రానక్కర్లేదు. నరసమ్మ పిన్ని గొంతు ఇస్తానంది, ఎవరికీ చెప్పవద్దని ఒట్టు వేయించుకుని. కానీ ఏ మాటలు చెప్పించాలి? మొదటి టేక్‌లో నేను నేర్పిన మాటలే అన్నావు, పెదాలు చూస్తే తెలుస్తోంది. రెండోదాంట్లో అవి కావు. బావ చెవి దగ్గరికి వంగి ఏదో అంటున్నావు. మెషిన్ మీద ముందుకీ వెనక్కీ తిప్పి వందసార్లు చూశాను. అర్థం కాలేదు. నా జీవితంలో నేను తీసినవాటిలో అంత నిజంగా ఉన్నది ఇంకొకటి లేదు. చివర్లో ఒక్క లోపం ఉంది. బావ మూసిన కంటి కొనలో నీళ్ళు కనపడతాయి. అప్పుడే కట్ అన్నాను. శవానికి కన్నీళ్ళేమిటి బావా అంటే సాంబ్రాణి పొగ అన్నాడు. అక్కడికి కత్తిరించేశాను.

ఏమన్నావో రాయి. అంతకంటే అడగను.

అప్పలసూరి


కాశీబుగ్గ
8 అక్టోబరు 1990

తమ్ముడూ,

రెండేళ్ళు ఊరుకున్నాను. నువ్వూ ఊరుకున్నావు. నీకు ఒంట్లో బాగుందా?

ఇక్కడ జీడిపప్పు బట్టీలో పని చేస్తున్నాను. పిక్కలు కొట్టి పప్పు తీయాలి. పిక్కలోని జీడి చేతుల్ని కాల్చేస్తుంది. బూడిద రాసుకుంటాం, అయినా వేళ్ళన్నీ నల్లబడి తోలు ఊడిపోయింది. పెన్ను పట్టుకోవడం కష్టం, అందుకే అక్షరాలు ఇలా ఉన్నాయి. పక్కనే రైలు పట్టాలు. హౌరా వెళ్ళే బండి కూత వేసినప్పుడల్లా నువ్వు రీళ్ళ మీద కాళ్ళు చాపుకుని ఇటుగా వెళ్ళేవాడివని గుర్తొస్తుంది.

నువ్వు అడిగినదానికి జవాబు. ఏమన్నానో నాకు గుర్తులేదు. ఏడ్చే ఆడది మాటలు గుర్తుపెట్టుకుంటుందా?

నేను ఒకటి అడుగుతాను. ఆ సినిమాలో అతను నడుస్తాడా? ఎక్కడైనా నవ్వుతాడా? నా దగ్గర ఉన్నది అతని డాక్ గుర్తింపు కార్డు మీది ఫోటో ఒక్కటే. దాని మీద కొట్టిన ముద్ర సగం మొహాన్ని తినేసింది. మిగతా సగం నాకు రోజురోజుకీ మరుపు వస్తోంది. చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది గానీ అదే నిజం.

తవిటమ్మ


ఏక్‌బాల్‌పూర్
10 జనవరి 1991

అక్కా,

నడుస్తాడు. మూడో రీలులో డాక్ గేటు నుంచి ట్రామ్ దాకా నడుస్తాడు, భుజాన ఇనుప కొక్కెం వేలాడేసుకుని, ఎడమ కాలు కొంచెం ఈడుస్తూ. అన్నం తింటాడు, ఎండుచేప ముల్లు తీసి పళ్ళెం అంచున పెడతాడు. ఐదో రీలులో నదిలో స్నానం చేసి వచ్చి, తువ్వాలు పిండుతూ నన్ను తిడతాడు. నన్నంటే కెమెరాని. తిట్టడం అయ్యాక నవ్వుతాడు.

ఈ ఉత్తరంలో చిన్న కాగితం మడత ఉంది, జాగ్రత్తగా విప్పు. ఆ నవ్వులోంచి నాలుగు బొమ్మలు కత్తిరించి పంపుతున్నాను. ఒక్కొక్కటీ గోరంత ఉంటుంది. ఎండకేసి పట్టుకుని చూడు. నాలుగూ ఒకేలా కనపడతాయి, కావు. మొదటిదానిలో నోరు మూసి ఉంటుంది. నాలుగోదానికి పెదవి కదులుతుంది.

నిర్మాత తన సినిమా తనే కత్తిరించి ఇవ్వడం ఎక్కడా లేదు. మనోతోష్‌బాబు ఉంటే చెవి మెలిపెట్టేవాడు. దుర్గాపూజల ముందు ఆయన పోయాడు. కొడుకులకి సినిమా అంటే గిట్టదు, కానీ ఇంకా తాళంచెవి నా దగ్గరే ఉంచారు. మన నెగెటివూ, కత్తిరించిన కాపీ, మాటల టేపులూ అన్నీ అక్కడే ఉన్నాయి.

ఆ మూడు నిమిషాలు ఇక అడగను. మూగగానైనా ఒక్కసారి నీకు చూపిస్తాను.

అప్పలసూరి


ఏక్‌బాల్‌పూర్
26 ఫిబ్రవరి 1991

అక్కా,

సినిమా పోయింది.

టాటానగర్‌లో పెళ్ళి తీయడానికి పది రోజులు వెళ్ళాను. తిరిగొచ్చేసరికి ల్యాబు తలుపులు కూడా లేవు. ఆ స్థలంలో ఫ్లాట్లు కడతారట. మనోతోష్‌బాబు కొడుకులు లోపల ఉన్నదంతా పాత సామాన్ల వాడికి తూకానికి ఇచ్చేశారు. నీ డబ్బాలు కూడా ఉన్నాయా దాదా, తెలియదే అన్నాడు పెద్దవాడు. అబద్ధం కాదు. నిజంగానే తెలియదు.

రెండు రోజులు వెతికి ఆ సరుకు ఎక్కడికి చేరిందో కనుక్కున్నాను. రాజాబజార్ వెనక ఒక షెడ్డు. రంగు సినిమాల రీళ్ళు కొన్ని బయటే పడేసి ఉన్నాయి, ఎవరికీ అక్కర్లేదు. తెలుపు నలుపు ఫిల్ములో వెండి ఉంటుంది. అందుకని దాన్ని మాత్రం సోడా తొట్టెల్లో ఉడకబెట్టి వెండి తీసుకుంటారు. రంగు ఫిల్ము కొనే స్తోమత నాకుండి ఉంటే మన రీళ్ళు ఆ షెడ్డు బయట దొరికేవి.

కడిగిన పట్టీలు తాడు మీద ఆరేసి ఉన్నాయి. ఒకటి తీసి ఎండకేసి పట్టుకున్నాను. అవతల గోడ కనపడింది. అది మనదో కాదో కూడా తెలియదు. అక్కడి ముసల్మాన్ పెద్దాయన నన్ను బల్ల మీద కూర్చోబెట్టి టీ ఇచ్చాడు.

నీ దగ్గరున్న నాలుగు బొమ్మలే మిగిలాయి. ఏడేళ్ళకి నేను తీసింది అంతే.

అప్పలసూరి


కాశీబుగ్గ
27 ఫిబ్రవరి 1991

తమ్ముడూ,

నెలైంది నీ ఉత్తరం లేక. నువ్వు పంపినవి అందాయి. రోజూ పనికి వెళ్ళేముందు ఎండకేసి పట్టుకుని చూస్తున్నాను. నాలుగోదానిలో పెదవి కదులుతుందన్నావు, కదులుతుంది. అది చూశాక నా నోరు ఇక మూసుకుని ఉండదు.

నీ బావని పాడె చంపలేదు. నువ్వు చంపలేదు.

నువ్వు ఆ సీను తీసింది అక్టోబరులో. ఆగస్టులోనే డాక్టరు మాకు చెప్పాడు. గంధకం ఓడల్లోని ధూళి ఊపిరితిత్తుల్ని తినేసిందని, చలికాలం దాటితే గొప్పని. ఆ దగ్గు బీడీల దగ్గని నువ్వు అనుకున్నావు, అనుకోనిచ్చాం. బయటికి రాగానే ఆసుపత్రి మెట్ల మీద కూర్చుని నా చేత ఒట్టు వేయించుకున్నాడు. "నీ తమ్ముడికి సెప్పకు. సెప్తే సినిమా ఆపేసి నా మంచం కాడ కూకుంటాడు. గోడలు సూస్తా సావలేను నాను. ఆడి బొమ్మలోనైనా ఉంటాను." ఎవరికీ తెలియకూడదని ఓడలోకి దిగుతూనే ఉన్నాడు.

అతను పోయాక ఒట్టు తీరిపోయింది. నేను చెప్పొచ్చు. బంగారయ్య తాత నిన్ను అన్న రోజే చెప్పాల్సింది. ఎందుకు చెప్పలేదో రాస్తాను, నువ్వు తెలుసుకోవాలి. తెలిసీ మొగుణ్ణి పనికి పంపింది అంటారని భయపడ్డాను. అది ఒకటి. రెండోది ఇంకా చెడ్డది. ఎవరి మీదైనా కోపం పెట్టుకుంటే ఏడవడం తేలిక. నువ్వు దొరికావు.

ఉగాది వెళ్ళాక బండి ఎక్కుతున్నాను. బట్టీలో సెలవు చెప్పేశాను. ముందు బంగారయ్య తాత గుమ్మంలో, అప్పుడు నిలబడ్డవాళ్ళందర్నీ పిలిచి, ఇదంతా చెప్తాను. తర్వాత నీ ల్యాబుకి వస్తాను. ఆ మాటలు గుర్తులేవని అబద్ధం చెప్పాను. ఒక్కటీ మరిచిపోలేదు. కాగితం మీద పెట్టను, నీ మైకులోనే చెప్తాను.

అక్క


ఏక్‌బాల్‌పూర్
14 మార్చి 1991

అక్కా,

మన ఉత్తరాలు ఎక్కడో ఖరగ్‌పూర్ దగ్గర ఒకదాన్నొకటి దాటుకుని ఉంటాయి. నాది నీకు ఈపాటికి అంది ఉంటుంది. రావద్దు.

నీ మీద కోపం వచ్చింది. దాచను. నీ ఉత్తరం చదివి, వీధిలోకి వచ్చి, ఎక్కడికి వెళ్తున్నానో తెలియకుండా నడిచి, వంతెన దాటి షాలిమార్ రైలు యార్డు దాకా వెళ్ళిపోయాను. ఆరేళ్ళు బావని నా చేత్తో చంపానని నమ్మాను అక్కా. అమ్మవారి ముందు నిలబడలేకపోయాను. పెళ్ళి చేసుకోలేదు, నా ఇంటికి వచ్చిన మనిషికి ఏమవుతుందోనని. నువ్వు ఒక్క కార్డు ముక్క రాసి ఉంటే సరిపోయేది. రెండేళ్ళ కిందట రాసినా సినిమా పూర్తయ్యేది. మనవాళ్ళంతా వచ్చి చూసేవాళ్ళు.

ఇప్పుడు వచ్చి ఎవరికి చెప్తావు? సరుకంతా కంటెయినర్లలో హల్దియా రేవుకి పోతోంది, ఇక్కడ గ్యాంగులు తీసేశారు. దేముడు సూరత్ వెళ్ళాడు. నరసమ్మ పిన్ని కూతురి దగ్గరికి వెళ్ళిపోయింది. ఆ పాడె మోసిన నలుగురిలో ఇక్కడ ఒక్కడూ లేడు. బంగారయ్య తాతకి మతి పోయింది. మొన్న నేనే వెళ్ళాను. భయపడలేదు, గుర్తుపట్టలేదు కాబట్టి. చేయి పట్టుకుని కూర్మయ్య డ్యూటీ దిగాడా అని అడిగాడు. ఇంకా దిగలేదని చెప్పాను.

కెమెరా ఇచ్చేశాను. మనోతోష్‌బాబు స్థలంలో కడుతున్న ఫ్లాట్లకి పగటి కాపలా పని దొరికింది. ఆ కొడుకులే ఇప్పించారు, మంచివాళ్ళే. ఎడిటింగ్ మెషిన్ ఉన్నచోట ఇసుక పోశారు.

ఆ మాటలు ఇక రాయకపోయినా పరవాలేదు. పెట్టడానికి పెదాలు లేవు.

అప్పలసూరి


కాశీబుగ్గ
2 ఏప్రిల్ 1991

తమ్ముడూ,

రావద్దన్నావు, రాలేదు. క్షమించమని అడగను. అడిగితే నువ్వు సరే అంటావు, ఆ సరే నాకు వద్దు.

బట్టీలో మళ్ళీ తీసుకోలేదు. తోటలో రాలిన పిక్కలు ఏరుతున్నాను. నిన్న ఎవరూ లేరనుకుని, ఆ రెండోసారి అన్న మాటలు మొదటి నుంచి చివరి దాకా గట్టిగా అని చూశాను. గొంతు వచ్చింది. అవతలి చెట్ల కింద ఏరుకుంటున్న ఒక మనిషి పరిగెత్తుకుంటూ వచ్చి, ఎవరు పోయారమ్మా అని అడిగింది. పోయి ఆరేళ్ళయిందని చెప్పాను. పిచ్చిదాన్ని చూసినట్టు చూసి వెళ్ళిపోయింది.

పెదాలు లేవన్నావు. అయినా రాస్తున్నాను. ఈ మాటలు కావాలని అడిగినవాడివి లోకంలో నువ్వొక్కడివే.

మొదటిసారి పాడె వీధి చివరికి వెళ్ళినప్పుడు నాకు పెద్దగా ఏమీ అనిపించలేదు. ఆటలా ఉంది. నువ్వు మళ్ళీ అన్నావు. అతన్ని మళ్ళీ మోసుకొచ్చి దించారు. నువ్వు గాజులు తొడుగుతుంటే అతను పాడె మీద పడుకునే నాకేసి చూసి, బాగున్నాయన్నట్టు తల ఊపాడు. తర్వాత కళ్ళు మూసుకున్నాడు. మెషిన్ తిరిగే చప్పుడు మొదలైంది. చలికాలం ఇంకా రాలేదు, వస్తుంది, ఆ రోజు కూడా ఇతను ఇలాగే పడుకుని ఉంటాడని అప్పుడు తెలిసింది. నీ మాటలన్నీ మరిచిపోయాను. చెవి దగ్గరికి వంగి ఇలా అన్నాను.

"మావా, కళ్ళు మూసుకుని ఏటి ఇంతన్నావు? నాను ఎలగ ఏడుస్తానో ఇనాలనే కదా ఈ యేసం కట్టినావు. ఇను. ఇయ్యాలే ఇను మావా. ఆ రోజు నీకు ఇనపడదు."

సాంబ్రాణి పొగ కాదు. ఆ మాటకే అతని కంట్లో నీళ్ళొచ్చాయి. నువ్వు కట్ అన్నావు.

అక్క